తాలూకు అంటే ఆఫీసా, అయినోళ్లా?

2024 ఎన్నికలప్పుడు ఆంధ్రాలో బండ్ల మీద ఒక స్టిక్కరు కనపడింది. "పిఠాపురం ఎమ్మెల్యే గారి తాలూకా." ఆటోల వెనకాల, బైకుల నంబరు ప్లేట్ల మీద, ఎక్కడ చూసినా అదే. మరుసటి సంవత్సరం ఆ మాటనే ఎత్తుకొని ఒక సినిమాకి పేరు పెట్టినారు, "ఆంధ్ర కింగ్ తాలూకా" అని. అందులో ఆ కింగ్ వేషం వేసింది మన కన్నడ ఉపేంద్ర. హీరో ఆయన అభిమాని. ఆ పేరుకి అర్థం "ఆంధ్ర కింగ్ మనిషి", "ఆంధ్ర కింగ్ తరఫువాడు" అని.

ఆ పేరు విన్నప్పుడు మా పక్క పిల్లోడొకడు నన్నడిగినాడు: "యే జిల్లెలో వస్తుందన్నా ఈ తాలూకు?"

ఈ ప్రశ్నకి నవ్వేవాళ్లు నవ్వుతారు. కర్ణాటక తెలుగోళ్లకి తెలుగు సగమే వచ్చునని ఇంకో ఉదాహరణ దొరికిందనుకుంటారు. నాకైతే ఆ పిల్లోడి ప్రశ్నలో తప్పేమీ కనపడలేదు. చిక్కబళ్లాపురం, బాగేపల్లి, చింతామణి, ఇవన్నీ మాకు పుట్టినప్పటి నుంచీ తాలూకులే. రేషన్ కార్డు మీద తాలూకు, స్కూలు టీసీ మీద తాలూకు, పహణి మీద తాలూకు. ఆ మాట చెవిన పడితే మాకు ముందు కనపడేది ఒక ఆఫీసు, దాని ముందర చెట్టు, చెట్టు కింద అర్జీలు రాసేవాడు. ఆంధ్రాలో అదే మాట వింటే ముందు కనపడేది మనిషి. ఒకే మాట, ఒకే భాష, కనపడే బొమ్మలు మాత్రం రెండు. ఇది ఎట్ల జరిగిందన్నదే నాకు ముఖ్యం. మనం మన మాటను తక్కువ చేసుకోవాలా, వద్దా అన్నది కూడా దీంట్లోనే ఉంది.

ఈ రెండు బొమ్మలు ఎదురుబొదురు పడింది నేను ఒకసారి చూసినా. మా బంధువుల పెండ్లి. పిల్లవాడిది గోదావరి పక్క. భోజనాల దగ్గర అటువైపు పెద్దాయన ఒకరు మా చిన్నాయన పక్కన కూచొని మర్యాదగా అడిగినారు:

"తమరు ఎవరి తాలూకా అండీ?"

"మేమా? మాది బాగేపల్లి తాలూకు సామీ."

"అహ, అది కాదండీ. అమ్మాయి తాలూకానా, అబ్బాయి తాలూకానా?"

మా చిన్నాయన కొంచేపు ఆలోచించి, "అమ్మాయిది చింతామణి తాలూకు" అన్నాడు.

ఆయన అడిగింది "యెవురి తట్టు వాళ్లు" అని. మా ఇండ్లల్లో ఆ ప్రశ్న అట్లే అడుగుతాము, "పెండ్లికూతురి తట్టా, పెండ్లికొడుకు తట్టా?" అని. తాలూకు అనే మాటను మనుషుల మధ్య పెట్టే అలవాటు మా నోళ్లలో లేదు, ఉన్నా బలంగా లేదు.

మాట పుట్టుక దగ్గరికి పోతే, ఇది అరబ్బీ "తఅల్లుఖ్". ఆ ధాతువుకి అర్థం వేలాడటం, పట్టుకొని ఉండటం, అంటుకోవటం. ఖురాన్‌లో 96వ అధ్యాయం పేరు "అల్ అలఖ్" ఈ ధాతువు నుంచి వచ్చిందే. అరబ్బీలో జలగకు కూడా ఇదే ధాతువు. (ఆఫీసుల చుట్టూ పది తూర్లు తిరిగినోళ్లకి ఈ సంగతి వింతగా అనిపించకపోవచ్చు.) "మా ఇలాకాలోకి రా, చూస్తా" అని సినిమా విలను అనే ఇలాకా కూడా ఈ ఇంటి పిల్లే. దాని మొదటి అర్థమూ సంబంధమే. అంటే సంబంధం అనే అర్థం ముందు, నేల అనే అర్థం తర్వాత. చాలామంది దీన్ని తలకిందులుగా అనుకుంటారు. తాలూకు అనే పరిపాలనా విభాగం ముందు ఉన్నట్టు, దాన్నుంచి "ఫలానావాళ్ల తాలూకు" అనే వాడుక తర్వాత పుట్టినట్టు. నిఘంటువుల్లో కూడా రెండర్థాలను ఒకటి, రెండు అని అంకెలేసి పక్కపక్కన పెడితే చదివేవాడికి ఆ రెంటి మధ్య నడిచిన దోవ కనపడదు.

ఆ దోవ నా లెక్కన ఇట్ల ఉంటుంది. 1638లో బీజాపురం సైన్యాలు రణదుల్లాఖాన్ వెంట బెంగళూరు దాకా వచ్చినాయి. కోలారు, హొసకోట, దొడ్డబళ్లాపురం షహాజీ జాగీరులో చేరినాయి. 1687 తర్వాత శిరా మొగలాయిల సుబా అయింది. మధ్యలో మరాఠాలు. చింతామణి ఊరికి ఆ పేరు చింతామణిరావు అనే మరాఠా నాయకుడి వల్ల వచ్చిందని చెప్తారు. ఆమీద హైదరు, టిప్పు. దొరలు మారినా లెక్కల పుస్తకాల్లో మాటలు పెద్దగా మారలేదు. పారసీలో రాసే ఆ పుస్తకాల్లో "తఅల్లుఖా" అంటే ఒక కోటకో, ఒక అధికారికో అంటగట్టిన ఊళ్ల గుంపు. ఇప్పుడు ఈ వాక్యం చూడండి: "కోలారు తాలూకు గ్రామాలు." దీన్ని "కోలారుకి చెందిన గ్రామాలు" అని చదవొచ్చు. "కోలారు తాలూకులోని గ్రామాలు" అని కూడా చదవొచ్చు. రాసినవాడు ఒకటి అనుకున్నా, వినేవాడు రెండోది అనుకున్నా, లెక్క తప్పదు. ఇట్లాంటి చోటే ఒక మాట గమ్మున రెండు మాటలవుతుంది. విడిపోవటానికి గొడవేమీ పడాల్సిన పనిలేదు.

వేరే చోట్ల ఈ మాట ఇంకా వేరే దోవలు పట్టింది. అవధ్‌లో తాలూక్‌దారు అంటే పెద్ద భూస్వామి. బెంగాలులో, అస్సాములో తాలుక్‌దార్ ఇంటిపేరయింది. నిజాం రాజ్యంలో అవ్వల్ తాలూక్‌దార్ అంటే జిల్లా కలెక్టరు. వాటి జోలికి నేను పోను.

మన దగ్గరి కథలో ముఖ్యమైనది సరిహద్దు. 1800లో అనంతపురం పక్కంతా నిజాం చేతి నుంచి కంపెనీకి పోయి మద్రాసు కింద చేరింది. మన పక్క మైసూరు కిందే ఉండిపోయింది. హిందూపురం నుంచి బాగేపల్లికి మాట మారదు, బంధుత్వం మారదు, రాగిముద్ద మారదు. మారింది ఆఫీసు. అక్కడ తాలూకుకి తహశీల్దారు, ఇక్కడ అమల్దారు. అక్కడ తాలూకు కింద ఫిర్కా, ఇక్కడ హోబళి. అక్కడ కరణం, ఇక్కడ శానుభోగులు. వీటిల్లో ఫిర్కా, తహశీలు, అమలు మూడూ అరబ్బీయే. అరబ్బీ మాటలు రెండు పక్కలా వచ్చినాయి, కానీ యే పక్కకి యేది చేరిందన్నది ఆ పక్క కచేరీని బట్టి.

అమలు సంగతి కొంచెం చెప్పకపోతే మనసొప్పదు. అరబ్బీలో అమల్ అంటే పని. ఆంధ్రాలో చట్టం అమలవుతుంది. కన్నడంలో అమలు అంటే మత్తు కూడా. అందుకని మా పక్క "వానికి అమలెక్కింది" అంటే వాడేదో పథకాన్ని అమలు చేస్తున్నాడని యెవరూ అనుకోరు. ఇక అమల్దారు అనే మాట మీద పాతకాలంలో యెన్ని ఎకసెక్కాలు పడి ఉంటాయో మీరే ఊహించుకోండి.

మళ్లీ తాలూకుకి వస్తా. 1985లో ఎన్.టి. రామారావు ప్రభుత్వం ఆంధ్రప్రదేశ్‌లో తాలూకులను తీసేసి, 1,100కి పైగా మండలాలు చేసింది. జనానికి ఆఫీసు దగ్గర కావాలని చేసిన పని. భాషకి మాత్రం అది ఇంకో పని చేసింది. ఒక తరం గడిచేసరికి అక్కడ తాలూకు అనే మాటకి ఆఫీసు అర్థం వట్టిపోయింది. మిగిలింది కర్నూలు తాలూకా పోలీస్ స్టేషన్, ఒంగోలు తాలూకా పోలీస్ స్టేషన్ లాంటి బోర్డుల మీదే. అధికారి పేరును మండల రెవెన్యూ అధికారి అని మార్చినారు గాని, కొన్నేండ్లకి మళ్లీ తహశీల్దారు అనే పిలుపే తెచ్చుకున్నారు. ఆఫీసుకి సంస్కృతం, ఆఫీసరుకి అరబ్బీ!

ఆఫీసు పోయేసరికి అక్కడ తాలూకు మాటకి ఇక మనుషులే మిగిలినారు. "గారి తాలూకా" స్టిక్కరు అంత సులభంగా పాకటానికి ఇదొక కారణమని నేననుకుంటా. 1980కి ముందు "పిఠాపురం ఎమ్మెల్యే గారి తాలూకా" అని రాసుంటే, పిఠాపురం తాలూకా అనే ఊళ్ల గుంపు కూడా చదివేవాడి తలలో మెదిలేది. ఇప్పటి కుర్రోళ్లకి ఆ అడ్డు లేదు.

ఇక్కడ మాకు జరిగింది దీనికి సరిగ్గా తిరగబడి. మాకు ఆఫీసు మిగిలింది. మిగలటమే కాదు, పెరిగింది కూడా. మా నోట తాలూకు అంటే ఒకటి నేల, "మా తాలూకులో వాన లేదు." రెండు, ఆ నేలకి పెద్ద ఊరు, "హోబళిలో దొరకదు, తాలూకులో చూడు." మూడు, ఆ ఊర్లో ఆ కట్టడం, "పొద్దున్నే తాలూకుకి పోయినాడు, ఇంకా రాలేదు." నాలుగోది ఆ కట్టడంలో ఉండే మనుషులు, "తాలూకోళ్లు వచ్చి కొలిచి పోయినారు." ఆంధ్రాలో మాట మనుషుల వైపు పోయి చుట్టరికం అయితే, మా పక్క కూడా మనుషుల దాకా వచ్చింది గాని, వచ్చింది కొలతగొలుసు చేతిలో పట్టుకొని.

పెండ్లి పత్రికలు చూడండి. ఊరు, హోబళి, తాలూకు, జిల్లె. నాలుగూ లేకపోతే పత్రిక పూర్తి కాదు. 2007లో కోలారు నుంచి విడదీసి చిక్కబళ్లాపురం జిల్లా చేసినప్పుడు నాలుగో మాట మారింది, మూడోది కదల్లేదు. జిల్లా అనేది కూడా అరబ్బీనే. దాని మొదటి అర్థం పక్కటెముక. తాలూకు కేంద్రం ఉన్న హోబళిని కసబా అంటాము, అదీ అరబ్బీ. ఇంత అరబ్బీని ఇంటి అడ్రసులో పెట్టుకొని బతికే తెలుగోళ్లం మనం.

ఇప్పుడు ఆంధ్రా వాడుక మీద ఒక మాట. తెలుగుకి అసలు "తాలూకు" యెందుకు అవసరమయింది? "మా నాయన భూమి" అంటే సరిపోతుంది కదా. "యొక్క" పుస్తకాల మాట, నోట పలకదు. తాలూకు వచ్చింది ఆ యొక్క బదులుగా అని కొందరంటారు. నేను ఒప్పుకోను. "మా నాయన భూమి" అంటే ఆయన పేరున ఉన్నది. "మా నాయన తాలూకు భూమి" అంటే ఆయన వైపు నుంచి వచ్చింది. పేరు యెవరిదైనా కావొచ్చు. "ఆయన మనిషి" అంటే నమ్మినబంటు. "ఆయన తాలూకు మనిషి" అంటే ఆయన దగ్గర నుంచి వచ్చినవాడు, యెట్లాంటివాడో ఇంకా తెలియదు. సొంతానికీ, సంబంధానికీ మధ్య ఉండే ఆ సందును తెలుగులో ఇంత చిన్న మాటతో చెప్పేది ఇంకొకటి కష్టంగా దొరుకుతుంది. అరబ్బీ ధాతువులో ఉన్న "వేలాడటం" ఇన్ని భాషలు దాటి వచ్చి కూడా ఆ సందులో అట్లే ఉంది.

అందుకే ఈ మధ్య కథల్లో, వ్యాసాల్లో దాన్ని వాడే తీరు చూస్తే నాకు బాధ. "ఆ రోజు తాలూకు జ్ఞాపకం", "ఆమె నవ్వు తాలూకు వెలుగు", "ఆకలి తాలూకు నొప్పి." వీటిల్లో తాలూకు చేసే పని యేముంది? ఆ రోటి జ్ఞాపకం, ఆమె నవ్వులో వెలుగు, ఆకలి నొప్పి. తీసేస్తే వాక్యం ఊపిరి పీల్చుకుంటుంది. మన పక్క తెలుగులో రాయాలని కూచున్న పిల్లోళ్లు కొందరు ఇదే సాహిత్య భాష అనుకొని తెచ్చుకుంటున్నారు. బాగేపల్లి కథలో "బావి తాలూకు నీళ్లు" చదివినప్పుడు నేను పెన్ను తీసి కొట్టేసినా. బావి నీళ్లు అంటే చాలదా? పైగా మన పాఠకుడు ఒక క్షణం ఆగి, ఇది యే తాలూకు బావి అని వెతుక్కుంటాడు. అప్పు తెచ్చుకున్న మాటకి అర్థం ఒకటి, మన ఇంట్లో ఉన్న మాటకి అర్థం ఒకటి అయినప్పుడు, తెచ్చేవాడు కొంచెం చూసుకొని తేవాలి.

కొందరు దీనికో ఉపాయం చెప్తారు. ఆఫీసుకి "తాలూకా", సంబంధానికి "తాలూకు" అని రాస్తే గొడవ ఉండదు కదా అని. కాగితం మీద చక్కగా ఉంది. కానీ ఆ స్టిక్కరు మీదా, సినిమా పేరులోనూ సంబంధానికి రాసింది "తాలూకా"నే. మా పక్క ఆఫీసుకి అనేది "తాలూకు", కన్నడం బోర్డు చూసి రాసే పిల్లోళ్లయితే "తాల్లూకు" అని ఒత్తు కూడా పెడతారు. జనం నోట తేడా లేని చోట గుడింతంతో గీత గీస్తే నిలవదు.

ఉర్దూ ఆ గీతను నిజంగానే గీసుకుంది. సంబంధానికి తఅల్లుఖ్, ఆఫీసు నేలకి తఅల్లుఖా. చింతామణి సంతలో నిలబడితే ఈ సంగతంతా ఒకే చోట వినపడుతుంది. మురుగమల్ల దర్గాకి పోయొచ్చే సాయిబుల నోట ఆ మాట రెండుగా ఉంటుంది. కన్నడమోళ్ల నోట ఒకటిగానే ఉంటుంది, ఆఫీసు. కన్నడంలో తాల్లూకు అనే మాటను "యొక్క" లాగా వాడరు. తెలుగు ఒక్కటే రెండర్థాలనూ ఒకే మాటలో కట్టి పెట్టుకుంది. మా పక్క తెలుగులో రెండోది యెందుకు సన్నబడిందో ఇక్కడే తెలుస్తుంది. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం, కాగితాలన్నీ కన్నడం. కన్నడంలో ఉన్న అర్థానికి రోజూ నీళ్లు పడతాయి, లేని అర్థం యెండిపోతుంది.

దీన్నే యెత్తి చూపి "మీది కన్నడం కలిసిన తెలుగు" అంటారు. కొడికొండ చెక్‌పోస్టు దాటినప్పుడల్లా యెవరో ఒకరు అనే మాటే. తాలూకు విషయంలో అయితే దానికి నా జవాబు ఉంది. మద్రాసు కింద ఉన్న తెలుగోడూ, మైసూరు కింద ఉన్న తెలుగోడూ నూరేండ్లకు పైన ఈ మాటను ఆఫీసుకి వాడినారు. 1985లో వాళ్లు ఆ అర్థాన్ని వదిలేసినారు, మనం వదల్లేదు. హిందూపురంలో డెబ్బై దాటినోళ్లని "మీది యే తాలూకు?" అని అడిగి చూడండి. యెవరి మనిషివని అడిగినారని అనుకోరు. హిందూపురమో, పెనుకొండో, మడకశిరో చెప్తారు. మనం మాట్లాడేది వాళ్ల తాతల తెలుగే. అందులో కన్నడం యెంత ఉందో, మద్రాసు కచేరీ కూడా అంతే ఉంది.

అయినా మన పక్క తప్పు లేదని నేను అనను. పెద్దోళ్ల దగ్గర అక్కడక్కడా మిగిలిన చుట్టరికం అర్థాన్ని "అది ఆంధ్రా మాట" అని మనమే పక్కకి నెడుతున్నాము. అది ఆంధ్రా మాట కాదు, కోలారు మాట కాదు. ఇద్దరికీ ఒకే లెక్కల పుస్తకం నుంచి వచ్చింది.

ఈ మధ్య బాగేపల్లి నుంచి విడదీసి చేళూరును, గౌరిబిదనూరు నుంచి విడదీసి మంచేనహళ్లిని కొత్త తాలూకులు చేసినారు. "ఇంక మేము బాగేపల్లి తాలూకు కాదు" అని చేళూరు వాళ్లు అంటే, ఆ వాక్యంలో ఆఫీసు యెంత, అయినోళ్లు యెంత అని విడదీసి చెప్పటం నాకు చేతకాదు. చెప్పే మనిషి గొంతులో రెండూ ఉంటాయి.

ఇక 2025 జూలైలో నంది కొండ మీద జరిగిన మంత్రివర్గ సమావేశంలో బాగేపల్లి పేరును భాగ్యనగర అని మార్చాలని తీర్మానించినారు. "పల్లి" తెలుగు మాట కదా అనే వాదన కూడా ఆ చర్చల్లో వినపడింది. హైదరాబాదుకి కూడా భాగ్యనగరం అనే పేరుందని కొందరు నవ్వినారు, కొందరు కోపపడినారు. ఆ గొడవంతా మొదటి మాట మీదే. పాత పేరైనా కొత్త పేరైనా, దాని వెనకాల వచ్చే రెండో మాట జోలికి మాత్రం యెవరూ పోలేదు. భాగ్యనగర తాలూకు.